లూయిస్ హైన్ ఫోటోలే బాలకార్మిక చట్టాన్ని తెచ్చాయా? ఆయన పద్ధతిని ఇప్పుడు అనుసరించవచ్చా?

మంజీరతీరం (ప్రశ్న):

నేను జర్నలిజం విద్యార్థులకు ఫోటోగ్రఫీ పాఠం చెప్పే అధ్యాపకురాలిని. జూన్ 12న, ప్రపంచ బాలకార్మిక వ్యతిరేక దినం నాడు, మా కళాశాలలో అమెరికన్ ఫోటోగ్రాఫర్ లూయిస్ హైన్ చిత్రాలతో ఒక చిన్న ప్రదర్శన పెట్టి, దానికి తెలుగులో పరిచయ వ్యాసం రాయాలని అనుకుంటున్నాను. వ్యాసం కోసం చదవడం మొదలుపెట్టిన తరువాత కొన్ని సందేహాలు కలిగాయి. తెలిసినవారు తీర్చగలరని ఇక్కడ అడుగుతున్నాను.

మొదటి సందేహం తేదీలకు సంబంధించినది. దాదాపు ప్రతి పరిచయ వ్యాసమూ "హైన్ తీసిన ఫోటోలను చూసి చలించిపోయిన అమెరికా బాలకార్మిక వ్యవస్థను రద్దు చేసింది" అని ఒక్క వాక్యంలో తేల్చేస్తోంది. ఆయన నూలు మిల్లుల్లో, గనుల్లో ఫోటోలు తీయడం 1908లో మొదలైతే, నేటికీ అమలులో ఉన్న జాతీయ చట్టం 1938లో వచ్చింది. ముప్పై ఏళ్ల పాటు ఎవరు దేనికి చలించారో ఈ వ్యాసాలు చెప్పడం లేదు. రెండవది, ఆయన అబద్ధాలు చెప్పి, మారు వేషాలతో మిల్లుల్లోకి వెళ్లారని అన్ని చోట్లా మెచ్చుకోలుగా రాశారు. నిజాన్ని చూపడానికి అబద్ధంతో లోపలికి పోవచ్చునా అని మా విద్యార్థులు తప్పక అడుగుతారు. మూడవది అన్నిటికంటే అత్యవసరమైనది. ఒక విద్యార్థి హైన్ చిత్రాలు చూసిన ఉత్సాహంతో, హైదరాబాదు శివార్లలోని ఇటుక బట్టీల దగ్గర పనిచేసే పిల్లల ఫోటోలను వారి పేరు, వయసు, ఊరు, కూలి వివరాలతో సహా తీసి ప్రచురిస్తానంటున్నాడు. ప్రోత్సహించాలా, ఆపాలా అన్నది నాకు తేలడం లేదు.

పాతనెగటివు:

చట్టాల చరిత్ర నాకంటే బాగా తెలిసినవారు ఇక్కడ ఉన్నారు కనుక దానిని వారికే వదిలి, హైన్ పనిచేసిన తీరు గురించి చెబుతాను. చాలాకాలం పత్రికలకు ఫోటోలు తీసినవాడిని కనుక నా చూపు సహజంగా అటువైపే పోతుంది.

హైన్ 1874లో విస్కాన్సిన్ రాష్ట్రంలోని ఓష్‌కోష్‌లో పుట్టారు. 1892లో తండ్రి ప్రమాదంలో చనిపోవడంతో, ఫర్నిచర్‌కు గుడ్డ, దూది కుట్టే ఫ్యాక్టరీలో పనికి కుదిరారు. రోజుకు 13 గంటలు, వారానికి ఆరు రోజులు చాకిరీ చేస్తే చేతికి వచ్చేది 4 డాలర్లు. తరువాతి జీవితంలో ఆయన ఏ మిల్లు గుమ్మం ముందు నిలబడినా, లోపల జరిగేది ఆయన ఒంటికి తెలిసినదే. తరువాత కష్టపడి చదువుకుని, 1901లో న్యూయార్క్‌లోని ఎథికల్ కల్చర్ స్కూలులో ఉపాధ్యాయుడిగా చేరారు. ఆ బడి పెద్ద అయిన ఫ్రాంక్ మ్యానీ పాఠాలకు ఉపయోగపడుతుందని ఆయన చేతికి కెమెరా ఇచ్చేనాటికి హైన్‌కు ముప్పై ఏళ్లు దగ్గర పడుతున్నాయి. అంటే ఫోటోగ్రఫీని ఆయన కళగా నేర్చుకోలేదు, బోధన సామగ్రిగా నేర్చుకున్నారు. నా ఉద్దేశంలో ఆయన పనిలోని మంచీ చెడూ రెండింటికీ మూలం అక్కడే ఉంది.

1904 నుంచి ఆయన న్యూయార్క్ రేవులోని ఎల్లిస్ దీవిలో దిగుతున్న వలసవారిని ఫోటోలు తీశారు. అప్పటి సామగ్రి ఎటువంటిదో విద్యార్థులకు చెప్పకపోతే ఆ చిత్రాల విలువ వారికి అందదు. స్టాండు మీద పెట్టెలాంటి కెమెరా, అందులో 5 అంగుళాలకు 7 అంగుళాల గాజు పలక, ఒక చేతిలో మెగ్నీషియం పొడి పోసిన పళ్లెం. ఎదుటివారికి ఆయన భాష రాదు, ఆయనకు వారి భాష రాదు. చుట్టూ సామానులతో తోసుకుపోయే జనం. సైగలతోనే వారిని నిలబెట్టి, ఫోకస్ చూసుకుని, పొడి వెలిగిస్తే పెద్ద మెరుపూ, చప్పుడూ వచ్చి గదంతా పొగ కమ్మేది. రెండో ఫోటోకు ఇక అవకాశం ఉండేది కాదు. దొంగచాటుగా తీయడం సాధ్యంకాని ఆ సామగ్రి వల్ల, ఎదుటి మనిషి ఒప్పుకుని, కెమెరాను నేరుగా చూస్తూ నిలబడడం ఆయన చిత్రాలకు అలవాటైపోయింది. ఆయనకు ముందుతరం వాడైన జేకబ్ రీస్ రాత్రిపూట మురికివాడల గదుల్లోకి చొరబడి, నిద్రమత్తులో ఉన్నవారి ముఖాల మీద మెరుపు వెలిగించి తీసిన ఫోటోలతో పోల్చి చూపితే, తేడా మీరు వివరించకుండానే విద్యార్థులకు తెలుస్తుంది.

1907లో పిట్స్‌బర్గ్ ఉక్కు కార్మికుల జీవితాలపై జరిగిన సర్వేకు ఫోటోలు తీసిన తరువాత, 1908లో బడి ఉద్యోగం మానేసి జాతీయ బాలకార్మిక సంఘానికి జీతం మీద పనిచేయడం మొదలుపెట్టారు. ఈ సంఘం 1904లో ఏర్పడింది. సంఘానికి పనిచేసిన పదేళ్లలో ఆయన తిరిగిన చోట్లు చూస్తే ఆశ్చర్యం కలుగుతుంది: కరోలినాల నూలు మిల్లులు, పెన్సిల్వేనియా బొగ్గు గనులు, మిసిసిపీ తీరాన రొయ్యలు ఒలిచే కర్మాగారాలు, గాజు ఫ్యాక్టరీలు, పొగాకు చేలు, నగరాల్లో అర్ధరాత్రి దాకా పత్రికలు అమ్మే కుర్రాళ్లు. ఇన్నిచోట్లా ఆయన పద్ధతి ఒక్కటే. కెమెరాను పిల్లల కళ్ల ఎత్తుకు దించడం, పిల్లను స్పష్టంగా ఫోకస్‌లో ఉంచి వెనుక యంత్రాల వరుసను మసకబారనివ్వడం, ఆ తరువాత రాసుకోవడం.

ఈ రాసుకోవడమే అసలు సంగతి. 1908 డిసెంబరులో నార్త్ కరోలినాలోని విట్నెల్ నూలు మిల్లులో తీసిన ఒక అమ్మాయి ఫోటో ఉంది. ఒక చేయి కిటికీ అంచున, మరో చేయి యంత్రం మీద వేసి నిలబడి ఉంటుంది. ఆ ఫోటోకు హైన్ రాసిన క్యాప్షన్ సారాంశం ఇది: ఎత్తు 51 అంగుళాలు, మిల్లులో చేరి ఏడాది అయింది, కొన్నిసార్లు రాత్రి పని కూడా చేసింది, నాలుగు వైపుల కదుళ్లు చూసుకుంటుంది, రోజుకు 48 సెంట్లు, వయసెంతని అడిగితే తటపటాయించి "గుర్తులేదు" అని, తరువాత రహస్యం చెబుతున్నట్లుగా "పనిచేసే వయసు లేదు, అయినా చేస్తున్నాను" అన్నది, ఉన్న 50 మందిలో సుమారు ఆమె అంత ఉన్నవారు పదిమంది. ఇందులో జాలి పుట్టించే విశేషణం ఒక్కటీ లేదు. ఫోటో లేకుండా ఈ రాతను చదివినా సాక్ష్యమే. రాత లేకుండా ఫోటోను చూస్తే కిటికీ వెలుతురులో నిలబడిన అందమైన పిల్ల మాత్రమే కనిపిస్తుంది.

ఎత్తు ఎలా తెలిసిందంటారా? నేల నుంచి తన కోటు గుండీలు ఒక్కొక్కటి ఎంత ఎత్తున ఉన్నాయో ముందే కొలిచిపెట్టుకుని, పిల్ల తల ఏ గుండీ దాకా వచ్చిందో చూసి లెక్కకట్టేవారు. జేబులో చేయిపెట్టి, లోపల ఉన్న పుస్తకంలో చూడకుండానే గీకేవారు. వీలైన ఇళ్లలో కుటుంబ బైబిల్‌లో రాసుకున్న పుట్టిన తేదీలను కూడా సరిచూశారు. ఇంత జాగ్రత్త ఎందుకంటే, ఫోటోలు కల్పితమని మిల్లు యజమానులు అంటారని ఆయనకు తెలుసు, పిల్లల వయసు ఎక్కువ చేసి తల్లిదండ్రుల చేత ప్రమాణ పత్రాలు రాయించుకునే ఆచారమూ తెలుసు.

వేషాల విషయానికి వస్తే, బైబిళ్లు అమ్మేవాడిగా, అగ్నిమాపక తనిఖీదారుగా, పోస్టుకార్డుల వ్యాపారిగా ఆయన లోపలికి వెళ్లిన మాట నిజమే. ఒక్కోసారి యంత్రాన్ని ఫోటో తీస్తానని మేస్త్రీకి చెప్పి, యంత్రం ఎంత పెద్దదో తెలియడానికంటూ పక్కన పిల్లను నిలబెట్టేవారు. నా అభిప్రాయం సూటిగా చెబుతాను: ఆయన అబద్ధం ఆడింది యజమానితోనూ మేస్త్రీతోనూ; ఫోటోలో ఉన్న పిల్లను మోసం చేయలేదు, దృశ్యాన్ని మార్చలేదు. గేటు దగ్గర చెప్పిన అబద్ధానికీ క్యాప్షన్‌లో రాసే అబద్ధానికీ చాలా దూరం ఉంది. అయితే ఈ మాటతో అందరూ ఏకీభవించనక్కరలేదు.

వాదప్రతివాది:

మంజీరతీరం గారూ, మీ మొదటి, మూడవ ప్రశ్నలకు చట్టం వైపు నుంచి సమాధానం రాస్తున్నాను. నేను వృత్తిరీత్యా న్యాయవాదిని.

"ఫోటోలు చూశారు, చట్టం చేశారు" అన్న కథలో మొదటి లోపం, చట్టం అనేది ఒక్కటే ఉన్నట్లు ఊహించడం. అమెరికాలో ఫ్యాక్టరీ పనిగంటలు, పిల్లల వయసు వంటివి అప్పట్లో రాష్ట్రాల పరిధిలోవి. హైన్ చిత్రాలు కరపత్రాలుగా, పోస్టర్లుగా, దీపపు వెలుగుతో తెర మీద చూపే లాంతరు స్లైడ్లుగా ఊరూరా తిరిగి, రాష్ట్ర శాసనసభల ముందుకు వెళ్లి, ఒక్కొక్క రాష్ట్రంలో కనీస వయసును కొద్దికొద్దిగా పెంచే పోరాటానికి తోడ్పడ్డాయి. వాటి నిజమైన ప్రభావం అక్కడ ఎక్కువ. వాషింగ్టన్‌లో కథ వేరుగా నడిచింది.

1912లో సమాఖ్య ప్రభుత్వంలో బాలల బ్యూరో ఏర్పడింది. 1916లో కీటింగ్-ఓవెన్ చట్టం వచ్చింది. ఫ్యాక్టరీలో ఎవరిని పెట్టుకోవాలో నేరుగా చెప్పే అధికారం పార్లమెంటుకు లేదన్న భయంతో, ఆ చట్టాన్ని పక్కదారిన రాశారు: 14 ఏళ్లలోపు పిల్లలు పనిచేసిన ఫ్యాక్టరీ సరుకును, 16 ఏళ్లలోపు వారు పనిచేసిన గని ఉత్పత్తిని రాష్ట్ర సరిహద్దు దాటించరాదన్నారు. 1917 సెప్టెంబరులో అమలులోకి వచ్చిన ఈ చట్టం ఏడాది కూడా బతకలేదు. నార్త్ కరోలినాలోని షార్లట్‌లో ఒక నూలు మిల్లులో ఇద్దరు కొడుకులతో పాటు పనిచేస్తున్న రోలండ్ డాగెన్‌హార్ట్ అనే తండ్రి పేరున కోర్టులో దావా వేయించారు. కొడుకుల సంపాదన మీద తనకున్న హక్కును చట్టం లాక్కుంటోందని వాదన. 1918 జూన్ 3న సుప్రీంకోర్టు 5-4 తేడాతో చట్టాన్ని కొట్టివేసింది. దావా వెనుక ఖర్చు పెట్టుకున్నది మిల్లు యజమానుల బృందం. కొన్నేళ్ల తరువాత ఒక పత్రికా విలేకరి ఆ కొడుకుల్లో పెద్దవాడైన రూబెన్‌ను వెతికి పట్టుకుని, ఆ గెలుపు వల్ల నీకు ఏం దక్కిందని అడిగితే, తనకు చదువు దక్కలేదనీ, తన ఒంటి బరువు 105 పౌండ్లేననీ (సుమారు 48 కిలోలు) అతడు చెప్పుకున్నాడు. హైన్ తీసిన వందలాది చిత్రాల పక్కన పెట్టదగిన సాక్ష్యం ఇది.

పార్లమెంటు ఊరుకోలేదు. పిల్లలతో పని చేయించే సంస్థల లాభంపై 10 శాతం పన్ను వేస్తూ 1919లో మరో చట్టం చేసింది. 1922లో కోర్టు దానినీ కొట్టివేసింది. అప్పుడు రాజ్యాంగాన్నే సవరించాలని 1924లో తీర్మానం ఆమోదించారు. నాటి 48 రాష్ట్రాల్లో 36 ఒప్పుకోవలసి ఉండగా, 28 మాత్రమే ఒప్పుకున్నాయి. చివరకు ఆర్థిక మాంద్యం వచ్చి, పెద్దవారికే పనులు దొరకని రోజుల్లో, 1938లో న్యాయమైన శ్రమ ప్రమాణాల చట్టం వచ్చింది. దానిని సుప్రీంకోర్టు సమర్థించినది 1941 ఫిబ్రవరి 3న. హైన్ మరణించినది 1940 నవంబరు 3న. సరిగ్గా మూడు నెలల తేడా.

ఈలోగా సంఖ్యలు కూడా మారాయి. 1900 జనాభా లెక్కల్లో 10 నుంచి 15 ఏళ్ల వయసులో పనిచేస్తున్న పిల్లలు సుమారు 17.5 లక్షల మంది. 1930 నాటికి 6.7 లక్షలకు కాస్త తక్కువ. అంటే 1938 చట్టానికి ముందే సమస్య చాలావరకు తగ్గింది. రాష్ట్రాల చట్టాలు, నిర్బంధ విద్య, పిల్లల చేతులు అవసరం లేని కొత్త యంత్రాలు, ఇవన్నీ కలిసి పనిచేశాయి. కనుక మీ వ్యాసంలో "చట్టం తెచ్చాయి" అనే బదులు "ఎవరూ కాదనలేని ఆధారాలను సమకూర్చాయి" అని రాస్తే తప్పు పట్టేందుకు వీలుండదు.

ఇక మీ విద్యార్థి. అతడిని ప్రచురణ విషయంలో ఆపండి. పని విషయంలో ఆపవద్దు. మన దేశంలో 2015 నాటి బాలల న్యాయ చట్టం ప్రకారం, కార్మిక చట్టాలకు విరుద్ధంగా పనిచేస్తూ కనిపించిన పిల్లలు "సంరక్షణ, రక్షణ అవసరమైన బాలలు" అన్న నిర్వచనంలోకి వస్తారు. అదే చట్టం 74వ సెక్షన్ ప్రకారం అటువంటి పిల్లల పేరు, చిరునామా, బడి, గుర్తుపట్టడానికి వీలిచ్చే మరే వివరమూ, ఫోటో కూడా ఏ మాధ్యమంలోనూ ప్రచురించరాదు. ఉల్లంఘిస్తే ఆరు నెలల వరకు జైలు గాని, రెండు లక్షల రూపాయల వరకు జరిమానా గాని, రెండూ గాని పడవచ్చు. బిడ్డ మేలు కోసమే అయితే విచారణ జరిపే బోర్డు లేదా కమిటీ కారణాలు రాసి అనుమతి ఇవ్వవచ్చు. ఆ అనుమతి సామాజిక మాధ్యమంలో పెట్టుకోవడానికి దొరికేది కాదు. కాబట్టి హైన్ క్యాప్షన్‌ను ఉన్నదున్నట్లు అనుకరిస్తే అది నేరమవుతుంది.

అయితే అతడు సేకరించే వివరాలు వృథా కావు. పేరు, వయసు, కూలి, ఎన్ని గంటలు, ఏ మేస్త్రీ తెచ్చాడు, ఎంత అడ్వాన్సు ఇచ్చాడు అన్నవి రాసుకుని, పిల్లల సహాయ నంబరు 1098కి ఫోను చేసి, జిల్లా బాలల సంక్షేమ కమిటీకీ కార్మిక శాఖకూ ఇవ్వవచ్చు. ఇటుక బట్టీల్లో కుటుంబం మొత్తం అడ్వాన్సుకు కట్టుబడి ఉంటే 1976 నాటి వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం కూడా వర్తిస్తుంది. అప్పుడు ఫిర్యాదు కలెక్టరు దాకా వెళ్లాలి. పత్రికలో అచ్చయ్యే ఫోటోలో మాత్రం ముఖాలు కనిపించకూడదు. చేతులు, అచ్చులు, ఆరబెట్టిన ఇటుకల వరుసలు, కూలి లెక్కల పుస్తకం తీయవచ్చు. ముఖాన్ని మసకబార్చి, పక్కన ఊరి పేరూ తండ్రి పేరూ రాస్తే ఏమీ దాచినట్లు కాదని కూడా చెప్పండి. ఈ పొరపాటు పెద్ద పత్రికల్లోనే తరచూ కనిపిస్తుంది.

కండెదారం:

పై ఇద్దరూ చెప్పినది బాగుంది. కానీ హైన్‌ను మరీ నిర్దోషిగా నిలబెడుతున్నారని నాకనిపిస్తోంది. ఆయన చిత్రాలలో ఎవరు లేరో కూడా మీ విద్యార్థులు గమనించాలి.

దక్షిణాది నూలు మిల్లుల్లో యంత్రాల మీద పనికి నాడు దాదాపు తెల్లవారినే తీసుకునేవారు. అందుకని ఆయన మిల్లు చిత్రాలలో నల్లజాతి పిల్లలు చాలా అరుదు. తెల్లజాతి పిల్లలు ఫ్యాక్టరీలో చిక్కిపోతుంటే నల్లజాతి పిల్లలు బడికి పోతున్నారని భయపెట్టే వాదనను దక్షిణాది సంస్కర్తలు కొందరు బాహాటంగానే వాడుకున్నారు. నల్లజాతి పిల్లలు ఎక్కువగా పనిచేసినది పత్తి చేలలో. 1938 చట్టం వ్యవసాయ పనిని చాలావరకు మినహాయించింది. హైన్ పత్తి, పొగాకు, చక్కెర దుంపల చేలకు వెళ్లి తీసిన చిత్రాలు చాలానే ఉన్నాయి, ఆ ఘనత ఆయనకు ఇవ్వాలి. కానీ నాటి జనానికి చేనులో పనిచేసే పిల్లను చూస్తే ఫ్యాక్టరీ పిల్లను చూసినంత బాధ కలగలేదు. పొలం పని ఆరోగ్యకరమన్న నమ్మకాన్ని ఏ ఫోటో కదిలించలేకపోయింది. కర్నూలు, మహబూబ్‌నగర్ ప్రాంతాల్లో హైబ్రిడ్ పత్తి విత్తనాల చేలలో పూలు గిల్లి పరాగం అద్దే ఆడపిల్లల గురించి తెలిసినవారికి ఈ సంగతి కొత్తగా ఉండదు. బడిలో లేని ప్రతి బిడ్డా బాలకార్మికుడే అన్న నిర్వచనాన్ని రంగారెడ్డి జిల్లాలో ఎం.వి. ఫౌండేషన్ అనే స్వచ్ఛంద సంస్థ పట్టుబట్టి నిలబెట్టింది ఇటువంటి మినహాయింపులకు తావు ఉండకూడదనే. ఆ సంస్థను స్థాపించిన శాంతా సిన్హా గారికి 2003లో మెగసెసే పురస్కారం వచ్చింది కూడా ఆ కృషికే.

రెండవ సంగతి, ఫోటో తీసిన తరువాత ఆ పిల్లలు ఏమయ్యారన్నది. హైన్ తిరిగిన వేగానికి ఆ ప్రశ్న అడిగే తీరిక ఆయనకు లేదు. 1910 ఆగస్టులో వెర్మాంట్ రాష్ట్రంలోని నార్త్ పౌనల్ నూలు మిల్లులో ఆడీ కార్డ్ అనే అమ్మాయిని తీశారు. మాసిన గౌను, కాళ్లకు చెప్పులు లేవు, ఒక మోచేయి యంత్రం మీద ఆనించి సూటిగా చూస్తుంటుంది. తోటి పిల్లలు ఆమెకు పదేళ్లన్నారనీ, తను పన్నెండు అని చెప్పిందనీ, బడి సెలవుల్లో చేరి ఇక ఉండిపోతానన్నదనీ హైన్ రాశారు. 1998లో అమెరికా తపాలా శాఖ ఆ ఫోటోను బిళ్లగా వేసింది. ఆ తరువాత ఎలిజబెత్ విన్‌త్రాప్ అనే రచయిత్రి, జో మానింగ్ అనే పరిశోధకుడు జనాభా లెక్కలూ ఊరి రికార్డులూ తిరగేసి ఆమె జాడ పట్టుకుంటే తేలినది ఏమిటంటే, ఆమె 94 ఏళ్లు బతికి 1993లో చనిపోయింది. తన ముఖం ఒక ఉద్యమానికి గుర్తుగా నిలిచిందని ఆమెకు గాని, ఆమె పెంచిన కుటుంబానికి గాని తెలియనే తెలియదు. మానింగ్ ఆ తరువాత హైన్ చిత్రాలలోని మరెందరో పిల్లల కుటుంబాలను ఇదే విధంగా వెతికారు. కొందరి మనవలు సంతోషించారు, కొందరు నొచ్చుకున్నారు.

విచిత్రమేమంటే, ఈ వెతుకులాట సాధ్యమైంది హైన్ పేర్లు రాసిపెట్టడం వల్లనే. మన 74వ సెక్షన్ నేడు బిడ్డను కాపాడుతుంది, అందులో సందేహం లేదు. కానీ మన ఇటుక బట్టీ పిల్లల మనవలకు వందేళ్ల తరువాత వెతుక్కోవడానికి ఏ పేరూ దొరకదు. రికార్డు ఎక్కడో ఒకచోట ఉండాలి, ప్రచురణ వేరు, భద్రపరచడం వేరు అని వాదప్రతివాది గారు అన్నదానికి ఇది నా చేర్పు.

మంజీరతీరం:

ముగ్గురికీ కృతజ్ఞతలు. విద్యార్థితో మాట్లాడాను, పేర్లూ వివరాలూ రాసిన పుస్తకాన్ని ప్రచురించకుండా కమిటీకి అందజేయడానికీ, ప్రదర్శనకు చేతులూ పనిముట్లూ మాత్రమే తీయడానికీ ఒప్పుకున్నాడు. మొదట కాస్త నిరుత్సాహపడ్డాడు గాని, 74వ సెక్షన్ పాఠం చదివించాక వాదించలేదు.

ఇంకొక్క ప్రశ్న. హైన్ చివరి రోజులు పేదరికంలో గడిచాయని చదివాను. ఎంపైర్ స్టేట్ భవనం కట్టేటప్పుడు ఫోటోలు తీసినంత పేరున్న మనిషికి ఆ స్థితి ఎందుకు వచ్చింది? అసలు బాలకార్మికుల నుంచి ఆకాశహర్మ్యానికి ఆయన ఎలా వెళ్లారు? ప్రదర్శనలో ఆ రెండో దశను చేర్చాలా?

పాతనెగటివు:

చేర్చండి, తక్కువగా. మొదటి ప్రపంచ యుద్ధం చివర 1918లో రెడ్‌క్రాస్ తరఫున ఐరోపాకు వెళ్లి శరణార్థులను ఫోటోలు తీసి వచ్చిన తరువాత, దుఃఖాన్ని మాత్రమే చూపి విసిగిపోయానన్న భావం ఆయనలో బలపడింది. పనిలో ఉన్న నేర్పునూ గౌరవాన్నీ చూపాలని 1920ల నుంచి యంత్రాల ముందు వయోజన కార్మికుల చిత్రాలు తీయసాగారు. పెద్ద పానాతో ఆవిరి యంత్రం బోల్టు తిప్పుతూ వంగిన మెకానిక్ చిత్రం ఆ రోజుల్లోనిదే. 1930లో, 56వ ఏట, ఎంపైర్ స్టేట్ భవనం ఉక్కు చట్రంతో పాటు పై అంతస్తులకు ఎక్కి, అవసరమైనప్పుడు గాలిలో వేలాడే బుట్టలో నిలబడి, దూలాలు బిగించేవారిని తీశారు. కొడుకు కోరిడన్ సాయంగా ఉన్నాడు. 1932లో వచ్చిన "మెన్ ఎట్ వర్క్" ఆయన బతికుండగా వెలువడిన ఏకైక పుస్తకం. నిజం చెప్పాలంటే, ఆ చిత్రాలు బాగున్నా, నాకు వాటిలో మిల్లు పిల్లల చిత్రాలలోని పదును కనిపించదు. వాటిలో ఎవరి పేరూ, ఎవరి కూలీ లేవు. కార్మికుడు వీరుడైపోయాడు గాని మనిషిగా కొంత దూరమైపోయాడు. విచిత్రంగా, పోస్టర్లుగా గోడల మీద ఎక్కువగా కనిపించేవి అవే.

పేదరికానికి కారణం ఒక్కటి కాదు. పెద్ద కెమెరాలు పోయి చిన్న లైకా కెమెరాలు, చిత్రాల పత్రికలు వచ్చిన కాలం అది. మాంద్యం రోజుల్లో గ్రామీణ పేదరికాన్ని చిత్రించడానికి ప్రభుత్వం రాయ్ స్ట్రైకర్ నాయకత్వంలో డొరొతియా లాంగ్, వాకర్ ఎవాన్స్ వంటివారిని తీసుకుంది. హైన్ ఉత్తరాల మీద ఉత్తరాలు రాసినా స్ట్రైకర్ ఆయనను తీసుకోలేదు. తన నెగటివ్‌లు తన దగ్గరే ఉండాలనీ, ప్రింట్లు తానే వేయాలనీ, పేరు వేయాలనీ పట్టుబట్టే మనిషిని సర్కారీ పద్ధతిలో ఇమడ్చడం కష్టమని స్ట్రైకర్ భయం. టెన్నెసీ లోయ ప్రాజెక్టుకు చేసిన పనిలోనూ ఇటువంటి తగాదాలే వచ్చాయి. హైన్ చేత పనిచేయించుకున్నవి ప్రధానంగా సంస్కరణ సంస్థలు. వారికి చిత్రాలు కావాలి గాని, చిత్రకారుడి వృద్ధాప్యం వారి లెక్కలోకి రాలేదు.

1938-39లో బెరెనీస్ ఆబట్ అనే ఫోటోగ్రాఫర్, ఎలిజబెత్ మెకాస్లాండ్ అనే విమర్శకురాలు ఆయనను మళ్లీ వెలుగులోకి తెచ్చి, న్యూయార్క్‌లోని రివర్‌సైడ్ మ్యూజియంలో ప్రదర్శన పెట్టించారు. పేరు వచ్చింది గాని డబ్బు రాలేదు. 1939 డిసెంబరులో భార్య శారా చనిపోయింది. తాకట్టు తీర్చలేక హేస్టింగ్స్‌లోని ఇల్లు పోయింది. మరుసటి ఏడాది శస్త్రచికిత్స తరువాత ఆయనా పోయారు. ఆయన ప్రింట్లనూ నెగటివ్‌లనూ న్యూయార్క్‌లోని ఆధునిక కళా మ్యూజియం వద్దన్నది. ఫోటో లీగ్ అనే ఫోటోగ్రాఫర్ల సంఘం కాపాడి ఉంచగా, చివరకు రోచెస్టర్‌లోని జార్జ్ ఈస్ట్‌మన్ మ్యూజియానికి చేరాయి. వద్దనిపించుకున్న ఆ ప్రింట్లకే తరువాత ఎంత ధర పలికిందంటే, 1990ల చివర మార్కెట్లో నకిలీ "పాత ప్రింట్లు" బయటపడ్డాయి. ఆయన మరణించాక చాలాకాలానికి గాని కాగితంలో కలపడం మొదలుకాని తెల్లదనం రసాయనాలు వాటిలో ఉన్నట్లు పరీక్షలో తేలింది.

మీకు ప్రింట్లు కొనే బాధ లేదు. బాలకార్మిక సంఘం సేకరణలోని 5,000కు పైగా చిత్రాలు అమెరికా పార్లమెంటు గ్రంథాలయం దగ్గర ఉన్నాయి. అచ్చుకు సరిపోయే స్కాన్లు వారి వెబ్‌సైటులో ఉచితంగా దొరుకుతాయి, వాటి ప్రచురణకు తెలిసినంతలో ఆంక్షలు లేవని వారే పేర్కొన్నారు. ఎంపికకు నా సూచన: విట్నెల్ అమ్మాయి, ఆడీ కార్డ్ ఎలాగూ ఉంటారు, వారితో పాటు 1911 జనవరిలో పెన్సిల్వేనియాలోని సౌత్ పిట్స్‌టన్‌లో బొగ్గు నుంచి రాళ్లు ఏరే కుర్రాళ్లు, అదే ఏడాది ఫిబ్రవరిలో మిసిసిపీలోని బిలాక్సీలో ఆల్చిప్పల గుట్ట ముందు నిలబడిన ఐదేళ్ల మాన్యుయెల్, 1912లో నార్త్ కరోలినాలోని బెస్సెమర్ సిటీ మిల్లులో రెండు వేళ్లు పోగొట్టుకున్న పదకొండేళ్ల జైల్స్ న్యూసమ్ చిత్రాలు తీసుకోండి. ప్రతి ఫోటో పక్కన హైన్ రాసిన క్యాప్షన్‌ను పూర్తిగా, ఒక్క విశేషణం కూడా కలపకుండా తెలుగులో రాసి, నాలుగడుగుల దూరం నుంచి చదవగలిగినంత పెద్ద అక్షరాలతో అచ్చువేయించండి. ఎక్కువ చిత్రాలు పెట్టి క్యాప్షన్లను కుదించే కంటే, చిత్రాల సంఖ్యనే తగ్గించుకోండి.